మా మామ చరిత్ర యాత్ర

ఆంధ్రాలో మద్యనిషేధం పెట్టిన రోజుల్లో మా మామ వ్యానుకు గిరాకీ పడిపోయింది. అంతకుముందు ఆదివారం వస్తే మదనపల్లె నుంచి మగవాళ్లు గుంపుగా వ్యాను మాట్లాడుకుని హార్స్లీ హిల్స్‌కు పోయేవాళ్లు. చల్లగాలి కోసమని ఇళ్లలో చెప్పేవాళ్లు. నిషేధం వచ్చాక ఆ చల్లగాలి ఎవరికీ అక్కర్లేకపోయింది. వ్యాను మా వీధి చివర వేపచెట్టు కింద నిలబడి ఆకులు మోసేది. మామ రోజూ పొద్దున్నే దాన్ని తుడిచి, తాళం తిప్పి ఇంజను చప్పుడు ఒకసారి విని, ఆపేసి ఇంటికి పోయేవాడు.

నా పరిస్థితి కూడా ఆ వ్యానులాగే ఉండేది. తిరుపతిలో చరిత్రలో ఎమ్మే చేసి వచ్చాను. ఉద్యోగం రాలేదు. ఒక ట్యుటోరియల్లో పదో తరగతి తప్పిన పిల్లలకు సోషల్ చెప్పేదాన్ని. ఆ పిల్లలకు చరిత్ర మీద పగ ఉండేది, ఎందుకంటే వాళ్లు తప్పింది అందులోనే. ఇంట్లో మా అమ్మకు నా చదువు మీద అంత పగ లేదుగానీ, ఎవరైనా చుట్టాలు వచ్చి "పాప ఏం సదివింది?" అని అడిగితే గబుక్కున కాఫీ పెట్టడానికి లేచేది.

ఒకరోజు మామ వచ్చి గడప మీద కూర్చుని, "పాపా, నీ చరిత్రతో నాకు పనుండాది" అన్నాడు.

ఆ మాట అంతవరకు నాతో ఎవరూ అనలేదు. చేతిలో ఉన్న చేట కింద పెట్టేశాను.

మామ ఆలోచన ఇది. పొద్దున మన ఊళ్లో నీరుగట్టువారిపల్లెలో పట్టుచీరల మగ్గాలు చూపించాలి. అక్కడి నుంచి పుంగనూరు పోయి జమీందార్ల పాతకోట చూపించాలి. మధ్యాహ్నానికి కుప్పం దాటి, కర్ణాటక పొలిమేర అవతల ఒక ద్రాక్షతోటకు పోవాలి. ఆ తోటలో ఒక అవ్వ ఇంట్లోనే జాడీల్లో ద్రాక్షసారా చేస్తుంది, దొరల పద్ధతిలో. వచ్చినవాళ్లకు తలా ఒక గుటక రుచి చూపించి, సాయంత్రానికి వెనక్కి తీసుకొచ్చేయాలి.

"అవతల గడ్డ మీద తాగితే తప్పు ల్యా. ఒక గుటకే గదా" అన్నాడు మామ. "పట్టు, కోట, ద్రాక్ష. మూడూ చూపిచ్చి, మూడింటికీ చరిత్ర సెప్పేది నువ్వు."

నాకు ఆ రాత్రి సంతోషంతో నిద్ర పట్టలేదు. తర్వాత వారమంతా లైబ్రరీలోనే ఉన్నాను. పాలెగాళ్ల గురించి, మైసూరు నవాబుల దండయాత్రల గురించి, పట్టుపురుగు మన దేశానికి ఎట్లా వచ్చిందో దాని గురించి చదివాను. ద్రాక్షసారా కోసం రోమాపురి దాకా పోయాను.

అంతకన్నా ఆశ్చర్యం ఏమిటంటే, రెండు రోజుల్లో సీట్లన్నీ నిండిపోయాయి. టమోటా మండీ నడిపే పెద్దాయన చేరాడు. ఆయన్ని ఊరంతా మండీ అప్ప అనేది. బ్యాంకులో పనిచేసే సారు చేరాడు. మందుల షాపాయన, బట్టల కొట్టాయన, కలకడ నుంచి ఇద్దరు రైతులు, ఇంకా కొందరు చేరారు. అందరూ మగవాళ్లే. మన ఊళ్లో చరిత్ర మీద ఇంత ఆసక్తి ఉందా అని నేను మా అమ్మతో అంటే, అమ్మ నా మొహంలోకి ఒకసారి చూసి మళ్లీ పప్పు రుబ్బుకుంది.

బయలుదేరే రోజు పొద్దున్నే వ్యాను దగ్గరికి పోతే మామ తల పట్టుకుని ఉన్నాడు. మండీ అప్ప ఎదురుగా నిలబడి నేల చూపులు చూస్తున్నాడు. ఆయన వెనక ఆయన భార్య మండీ అక్క ఉంది. ఆమె చేతిలో చిత్రాన్నం డబ్బా, చంకలో నీళ్ల క్యాను.

"చరిత్రంటే నాకూ ఇష్టమే" అని ఆమె మామతో చెబుతోంది. "ఈయనొక్కడే సూస్తే సాలునా? నేనూ వస్తా."

చరిత్ర యాత్ర అని ఇంట్లో చెప్పి వచ్చాక భార్యను వద్దనడానికి మండీ అప్పకు నోరు లేకపోయింది. ఆయనొక్కడే కాదు. బ్యాంకు సారు భార్య వచ్చింది. మందుల షాపాయన భార్య, ఆమె చెల్లెలు వచ్చారు. ముందురోజు సాయంత్రం కుళాయి దగ్గర వాళ్లంతా మాట్లాడుకున్నారని నాకు తర్వాత తెలిసింది. సీట్లు చాలక కలకడ రైతులిద్దరూ వెనక స్టెప్నీ మీద కూర్చున్నారు. వ్యాను కదిలేటప్పుడు ఆడవాళ్లు గోవిందా అన్నారు. మగవాళ్లలో ఒక్కరూ పలకలేదు.

మగ్గాల దగ్గర అరగంట అనుకున్నాం. ఆడవాళ్లు లోపలికి పోయి మళ్లీ బయటికి రావడం మరిచిపోయారు. ఆ ఇంట్లో మగ్గం గుంటలో కూర్చుని నేసే ఆయన, పక్కన కండెలు చుట్టే ఆయన భార్య ఉన్నారు. నేను పట్టుపురుగు చైనా నుంచి బయలుదేరిన కథ మొదలుపెట్టాను. అది ఇంకా హిమాలయాలు దాటకముందే మండీ అక్క అంచు తిరగేసి జరీ గోటితో గీకి చూస్తోంది. బ్యాంకు సారు భార్య చాలా నెమ్మదస్తురాలు, పొద్దున నుంచి ఒక్క మాట మాట్లాడలేదు. ఆమె మెల్లగా, "నేనొకసారి కూచోవచ్చునా?" అని అడిగి గుంటలోకి దిగింది. తాడు లాగితే దారం మోసే నాడె ఆ చివర నుంచి ఈ చివరికి దూకింది. ఆమె కిసుక్కున నవ్వి మళ్లీ లాగింది. నేసే ఆయన "తల్లీ, డిజైను పోతుంది" అని బతిమాలేదాకా లాగుతూనే ఉంది.

బయట మగవాళ్లు వ్యాను చుట్టూ తిరుగుతున్నారు. బ్యాంకు సారు గుమ్మంలోకి వచ్చి, "అమ్మా, చీర నేసేదానికి ఇంత చరిత్ర ఏముండాది? దారాలు కొన్ని అడ్డంగా పోతాయి, కొన్ని నిలువుగా పోతాయి. అంతే గదా" అన్నాడు.

మగ్గం ఆగింది. ఆడవాళ్లందరూ ఆయన వైపు చూశారు. ఆయన వెనక్కి పోయి వ్యానులో కూర్చున్నాడు.

పుంగనూరు చేరేసరికి ఎండ ముదిరింది. కోట ముందు నిలబడి నేను గొంతు సవరించుకున్నాను. కోలారు వైపు నుంచి వచ్చిన పాలెగాళ్లు ఈ సీమను ఎట్లా ఏలుకున్నారో, మైసూరు నవాబుకు కప్పం ఎట్లా కట్టారో, పొట్టి ఆవులకు ఈ ఊరిపేరు ఎట్లా వచ్చిందో చెప్పబోతున్నాను. మండీ అప్ప చెయ్యెత్తి, "రాజులు ఉండిరి. పోయిరి. ఇంగ పోదామా తల్లీ?" అన్నాడు.

నేను నొచ్చుకున్నాను. మగవాళ్లందరూ ఆయన చెప్పింది బాగుందని తల ఊపారు. ఆడవాళ్లు మాత్రం కదల్లేదు. వాళ్లకు నేను చదివి వచ్చినవి కాకుండా వేరే సంగతులు కావాలి. అంతమందికి వంట యాడ చేసేవాళ్లు? నీళ్లు యాడినుంచి తెచ్చేవాళ్లు? రాణులు ఏ కిటికీలోంచి బయటికి చూసేవాళ్లు?

"అవి పుస్తకాల్లో లేవక్కా" అన్నాను.

"రాసినోళ్లకు ఆకలి కాలేదేమోలే" అంది మండీ అక్క. తర్వాత కోటగోడ నీడలో చిత్రాన్నం డబ్బా మూత తీసింది. ఇంకొకరు పెరుగన్నం తీశారు. ఓలిగలు కూడా వచ్చాయి. మగవాళ్లు నిలబడే తిన్నారు.

పలమనేరు దాటాక మగవాళ్ల మొహాలు తేటపడ్డాయి. కుప్పం వచ్చేసరికి వెనక సీట్లలో నవ్వులు కూడా వినబడ్డాయి. నా చరిత్రకు కొంచెం ఆలస్యంగా అయినా ఫలితం వచ్చిందనుకుని నేను పొలిమేర గ్రామాల గురించి చెప్పుకుంటూ పోయాను. అక్కడ మాటలో తెలుగు, కన్నడం, అరవం ఎట్లా కలిసిపోతాయో చెబుతూండగా కన్నడ బోర్డు వచ్చింది. కర్ణాటకలోకి అడుగుపెట్టాం.

అడుగుపెట్టగానే రోడ్డు పక్కన ఒక బ్రాందీ షాపు కనబడింది. పచ్చరంగు తలుపులు, ముందర ఒక రేకుల పందిరి, కింద బల్లలు. వ్యానులో నవ్వులు ఆగిపోయాయి. మగవాళ్ల మెడలన్నీ ఒక్కసారి అటు తిరిగాయి. భార్యలు పక్కనే ఉంటే బండి ఆపమని ఎవరు అడుగుతారు? మామ అద్దంలో వాళ్లను చూస్తూ వేగం తగ్గించాడు. ఆపడానికి ఆయనకూ ధైర్యం లేదు.

అప్పుడు బ్యాంకు సారు ముందుకు వంగి, చాలా వినయంగా, "అమ్మా, ఈడ చరిత్ర ఏమన్నా ఉండాదేమో కొంచెం చూడమ్మా" అన్నాడు.

ఆ మాటకు నా ఒళ్లు పులకరించింది. కిటికీలోంచి తల బయటపెట్టి చూశాను. నిజంగానే ఉంది. షాపు గోడకు కాస్త ఎడంగా, ఖాళీ సీసాల పెట్టెల వెనక, మనిషెత్తు రాయి ఒకటి నిలబడి ఉంది.

"ఆపు మామా! వీరగల్లు!" అని అరిచాను.

వ్యాను పూర్తిగా ఆగకముందే మగవాళ్లు దిగిపోయారు. చరిత్ర కోసం మనుషులు అట్లా పరిగెత్తడం నేను మళ్లీ ఎప్పుడూ చూడలేదు. మందుల షాపాయన పెట్టెలు పక్కకు జరిపాడు. కలకడ రైతు తన తుండుతో రాయి మీది దుమ్ము తుడిచాడు. నేను రాయి పక్కన నిలబడి మొదలుపెట్టాను. ఆవుల మందను దొంగలు తోలుకుపోతుంటే అడ్డుపడి చచ్చిపోయిన వీరుడికి ఊరివాళ్లు నిలిపిన రాయి ఇది. కింద పలకలో యుద్ధం చూడండి, ఇవి ఆవులు. మధ్య పలకలో అప్సరసలు ఆయన్ని చేతులమీద ఎత్తుకుపోతున్నారు.

"వెనకపక్క కూడా ఏమన్నా ఉంటుందేమో సూసొస్తా" అని మండీ అప్ప రాయి వెనక్కి పోయాడు. ఆయన వెనక బ్యాంకు సారు పోయాడు. నేను ఆ కత్తి పట్టుకున్న తీరు గురించి, పైపలకలో స్వర్గం గురించి చెబుతూ తల తిప్పేసరికి ఎదురుగా ఆడవాళ్లే మిగిలారు.

"సార్లంతా యాడికి పోయారు?" అన్నాను.

ఆడవాళ్లు ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. మండీ అక్క నా భుజం మీద చెయ్యి వేసింది. "స్వర్గానికి పోయిరి పాపా. అప్సరసలు లేకుండా."

అప్పుడు నాకు అంతా తెలిసిపోయింది. రేకుల పందిరి కింద బల్లలు లాగుతున్న చప్పుడు వినబడింది. మామ వైపు చూశాను. మామ స్టీరింగు తుడుస్తున్నాడు.

"పెండ్లయినప్పటినుంచి ఈ మనిషి క్యాలెండర్లో తారీకు కూడా సూసినోడు కాదు" అంది మండీ అక్క. "చరిత్ర సూడాలంటే నాకు అనుమానం రాదా? పద. ఎక్కండి అందరూ."

మామ గాబరాపడ్డాడు. "అక్కా, అప్పగారోళ్లు ఇంకా..."

"వాళ్లు చరిత్ర సూస్తాండారు. సూడనీ. నువ్వు బండి తియ్యి."

బండి కదిలింది. అద్దంలో మండీ అప్ప గ్లాసు చేత్తో పట్టుకునే రోడ్డు మీదికి పరిగెత్తుకు రావడం కనబడింది. కొంత దూరం వచ్చి, గ్లాసు ఒలుకుతోందని ఆగిపోయాడు.

ద్రాక్షతోట అక్కడికి దగ్గరే. అవ్వ మామకు తెలిసినామె. వయసులో ఉండగా బంగారు గనుల దగ్గర ఒక దొరల బంగళాలో వంట చేసిందట. క్రిస్మస్‌కు ద్రాక్షసారా చేయడం దొరసాని దగ్గర నేర్చుకుంది. మమ్మల్ని చూసి, "ఏమప్పా, అందరూ హెంగసరే, ఆడవాళ్లే వచ్చినారే?" అని నవ్వింది. ఇంట్లోకి తీసుకుపోయి గోడవార పెట్టిన పింగాణీ జాడీలు చూపించింది. మూతులకు గుడ్డలు కట్టి ఉన్నాయి.

జాడీలు కనబడగానే ఆడవాళ్లకు ప్రాణం లేచి వచ్చింది. ఇది వాళ్లకు తెలిసిన విద్య. గుడ్డ ఎన్ని మడతలు పెట్టాలి? చెంచా తడి ఉంటే బూజు పట్టదా? చక్కెర ఎంత? గుప్పెడు గోధుమలు ఎందుకు వేస్తారు? అవ్వ అన్నిటికీ ఓపికగా చెప్పింది. గోధుమలు వేస్తే బాగా పులుస్తుందట. లవంగాలు వాసనకట. మందుల షాపాయన మరదలు ఆవకాయకు, దీనికి తేడా ఎక్కడెక్కడ ఉందో వేళ్లమీద చెప్పసాగింది.

నేను మాత్రం బయటికి వచ్చి ద్రాక్ష పందిరి కింద కూర్చున్నాను. మామ వచ్చి కాస్త దూరంలో గొంతుక్కూర్చున్నాడు.

"ఒట్టి చరిత్రంటే ఎవరొస్తారు పాపా?" అన్నాడు.

"నాతో చెప్పి ఉండచ్చు గదా మామా."

"సెప్తే నువ్వు వస్తావా?"

ఆయన కాసేపు గడ్డి పీకి, లేచిపోయాడు.

తర్వాత మండీ అక్క వచ్చింది. రెండు చేతుల్లో రెండు చిన్న స్టీలు గ్లాసులు ఉన్నాయి. ఒకటి నాకిచ్చింది. నేను అంతకుముందు ఎప్పుడూ తాగలేదు. తియ్యగా, కొంచెం ఘాటుగా, లవంగం వాసనతో ఉంది. ఆమె తన గ్లాసు ఒక్క గుటకలో ఖాళీ చేసి చప్పరించింది.

"ఈ మాత్రం దానికా వీళ్లు ఇండ్లూ వాకిండ్లూ వదిలి తిరిగేది?" అంది. నా మొహం చూసి, "ఏం, మొగమట్లా పెట్టుకున్యావు?" అని అడిగింది.

నాకు ఏడుపు వచ్చింది. చరిత్ర కోసం ఎవరూ రాలేదని చెప్పాను.

ఆమె నన్ను ఓదార్చలేదు. "నిజమే" అంది. "వాళ్లు తాగేదానికొచ్చిరి. మేం వాళ్లను కనిపెట్టుకునేదానికొస్తిమి. చరిత్ర కోసం ఎవరూ రాల్యా. సరేగానీ, ఆ ఆవుల కత యాడ నిలిపితివో ఆడినుంచి సెప్పు. ఆ సచ్చిపోయినాయనకు పెండ్లాం ఉండిందా ల్యాదా?"

లోపలున్నవాళ్లు కూడా గ్లాసులు పట్టుకుని వచ్చి పందిరి కింద కూర్చున్నారు. నేను కళ్లు తుడుచుకుని చెప్పాను. కొన్ని రాళ్ల మీద భార్య బొమ్మ కూడా ఉంటుందని, భర్తతోపాటు చితి ఎక్కిందనడానికి గుర్తుగా చెయ్యెత్తినట్టు చెక్కుతారని చెప్పాను. వాళ్లు మధ్యమధ్యలో అడ్డుతగిలారు, వాదించుకున్నారు, చచ్చిపోయినాయన్ను తిట్టారు, ఆవులు ఎవరివని అడిగారు. నేను పాఠాలు చెప్పడం మొదలుపెట్టాక అంత బాగా చెప్పింది ఆ రోజే. మధ్యలో బ్యాంకు సారు భార్య ఉన్నట్టుండి, "దారాలు కొన్ని అడ్డంగా పోతాయి, కొన్ని నిలువుగా పోతాయి" అని అచ్చం ఆయన గొంతుతో అనేసింది. తర్వాత నవ్వు ఆపుకోలేక పక్కామె ఒళ్లో పడిపోయింది. ఆమె ఆపేలోపు అందరం మొదలుపెట్టాం.

తిరిగి వచ్చేసరికి మగవాళ్లు వీరగల్లు ముందు వరసగా కూర్చుని ఉన్నారు, బడి వదిలే గంట కోసం చూసే పిల్లల్లాగా. వాళ్ల దగ్గర గ్లాసులు లేవు. రాయి చుట్టూ చెత్త ఎత్తేశారు, ఎవరో నాలుగు గన్నేరుపూలు కూడా పెట్టారు.

"వెనకపక్క శాసనం ఏమన్నా ఉండాదేమోనని సూస్తాంటిమి" అన్నాడు మండీ అప్ప.

"ఉండాదా?" అంది అక్క.

"ల్యా."

"ఎక్కు."

ఆంధ్రాలోకి రాగానే చెక్‌పోస్టు ఉంది. అది గుర్తుకొచ్చి మగవాళ్లందరికీ చెమటలు పట్టాయి. మండీ అక్క కొంగుముడి విప్పి, అవ్వ ఇచ్చిన లవంగాలు అందరికీ పంచింది. మగవాళ్లు ఆవురావురుమని నమిలారు. ఆడవాళ్లు కూడా నమిలారు. ఆడవాళ్లు ఎందుకు నమిలారో అడగాలన్న ఆలోచన ఆ మగవాళ్లలో ఒక్కరికీ రాలేదు.

కానిస్టేబులు తలుపు తీసి లోపలికి ముక్కు పెట్టాడు. వ్యానంతా లవంగాల వాసన. బ్యాంకు సారు అప్పటికే గురక పెడుతున్నట్టు నటిస్తున్నాడు.

"యాడికి పోయొస్తాండారు?"

"చరిత్ర సూసొస్తాండామప్పా" అంది మండీ అక్క.

"చరిత్రా? ఆ పక్క ఏం చరిత్రుండాది?"

మండీ అక్క చెప్పింది. వీరగల్లు అంటే ఏమిటో, కింద పలకలో ఏముందో, మధ్య పలకలో ఏముందో, ఆ భార్య చెయ్యెత్తి ఎందుకు నిలబడుతుందో, నేను చెప్పిన మాటలే ఒక్కటి పోకుండా చెప్పింది. నేను చెప్పనివి కూడా కొన్ని కలిపింది. కానిస్టేబులు మొదట విన్నాడు. తర్వాత వెనక ఆగిన లారీ వైపు చూశాడు. ఆమె పైపలకలోని స్వర్గం దగ్గరికి వచ్చేసరికి, "సరేమ్మా, పోండి, పోండి" అని తలుపు తానే వేసేశాడు.

నేను ముందు సీట్లో కూర్చుని చీకటి పడుతున్న రోడ్డును చూస్తూ ఊరు చేరేదాకా నవ్వుకుంటూనే ఉన్నాను.

ఆ మగవాళ్లు మళ్లీ యాత్రకు రాలేదు. కానీ వారం తిరక్కముందే మా ఇంటికి ఆడవాళ్లు వచ్చి మళ్లీ ఎప్పుడని అడిగారు. మామ నమ్మలేకపోయాడు. నిషేధం ఉన్నంతకాలం నెలకొకసారి వ్యాను నిండా ఆడవాళ్లనే తీసుకుపోయాం. బ్రాందీ షాపాయన మమ్మల్ని చూసి రాయి ముందు పెట్టెలు తనే జరిపేవాడు. తర్వాత నిషేధం ఎత్తేశారు. హార్స్లీ హిల్స్ చల్లగాలికి మళ్లీ గిరాకీ వచ్చి మామ అటు పోయాడు.

ఇంకొన్నేళ్లకు పుంగనూరులో నాకు లెక్చరరు ఉద్యోగం వచ్చింది. స్వీట్లు తీసుకుని మండీ అక్క ఇంటికి పోయాను. ఆమె నన్ను వంటింట్లోకి పిలిచి, అటక మీది ఊరగాయ జాడీల్లో చివరిది దింపి, నాకో గ్లాసు, తనకో గ్లాసు పోసింది. మేం కూర్చుని తాగుతూండగా మండీ అప్ప గుమ్మంలోకి వచ్చి గాలి పీల్చాడు.

"ఏందే ఇది, లవంగాల వాసన?"

"మోకాళ్ల నొప్పులకు మందు" అంది అక్క.

ఆయన అక్కడే నిలబడి, తన మోకాలు తడుముకుని, "నాక్కూడా నొప్పిగానే ఉండాదే" అన్నాడు.